ధర్మపురి పంచాంగమున కొన్ని తేదీలు

దినపత్రికలలో ఒక మూలను ‘చరిత్రలో నేటి దినము’ అని శీర్షిక పెట్టి, ఒక యేట గతించిన మహారాజును, మరియొక యేట పుట్టిన యంత్రమును, వేరొక యేట స్వాతంత్ర్యము పొందిన దేశమును, ఒకరినొకరెరుగని అతిథులను పంక్తిభోజనమునకు కూర్చుండబెట్టినట్లు ఒకే వరుసలో కూర్చుండబెట్టు ఆచారము చిరకాలముగా నున్నది. చదువరి దానిని కాఫీతోపాటు ముగించి, ఏమి యోగమని అబ్బురపడి, పుట తిప్పును. ఆ కలయికలలో కొన్ని కేవలము కాకతాళీయములనియు, కొన్ని మనుష్యులు బుద్ధిపూర్వకముగా కూర్చినవనియు, మరికొన్నింటిని సర్కారువారి జమాఖర్చుల పుస్తకములే ఒకచోటికి ఈడ్చుకొని వచ్చినవనియు ఆ శీర్షిక చెప్పదు. ఈ మూడింటిని ఒకే త్రాసున తూచినచో చరిత్ర జాతకచక్రమైపోవును. వీని భేదమును చూపుటకు మహానగరముల జోలికి పోనక్కరలేదు, ధర్మపురి చాలును.

ధర్మపురి యనగానే తెలుగువారికి గోదావరీతీరమున నృసింహస్వామి వెలసిన క్షేత్రము స్ఫురించుట సహజము. నేను చెప్పుచున్నది అది కాదు. సేలమునుండి బెంగుళూరునకు పోవు మార్గమున, కావేరి హొగెనకల్ వద్ద రాతినేలను చీల్చుకొని దూకు సీమకు ముఖ్యపట్టణమైన తమిళనాటి ధర్మపురి యిది. తమిళ తెలుగు కన్నడములు మూడును వినవచ్చు ఈ ప్రాంతమున కాలగణనము సైతము ఒక్కటి కాదు. చాంద్రమానము పాటించు తెలుగు కన్నడ కుటుంబములు చైత్రశుద్ధ పాడ్యమినాడు వేపపూవు చేదును బెల్లముతో కలిపి నోట వేసికొని క్రొత్త సంవత్సరములోనికి అడుగిడగా, సౌరమానమును అనుసరించు పొరుగింటివారు చిత్తిర నెల మొదటి దినమువరకు, అనగా ఏప్రిల్ నడిమివరకు, పాత సంవత్సరముననే ఉందురు. ఒకే వీధిలోనివారు ఒకే ప్రొద్దున రెండు సంవత్సరములలో నుండు చోట, ‘అదే దినము’ అను మాట మనమనుకొన్నంత సులువైనది కాదు.

ఈ యూరికి ప్రాచీననామము తగడూరు. సంగకాలమున ఇచ్చట అదియమాన్ నెడుమాన్ అంజి యను రాజు ఏలెననియు, తినినవారికి దీర్ఘాయువు నొసగు ఉసిరికాయ యొకటి తనకు దొరకగా, దాని మహిమ నెరిగియు తాను తినక అవ్వైయారను కవయిత్రికి ఇచ్చివేసెననియు తమిళులు తరతరములుగా చెప్పుకొనుచున్నారు. ఆ యుసిరికాయ చేతులు మారిన దినమేదియో ఎవ్వరును వ్రాసిపెట్టలేదు, ఎవ్వరును అడుగనులేదు. తరువాత ఈ సీమ నేలిన నొళంబుల రాజధాని మన మడకశిర ప్రాంతమందలి హేమావతి. ఆనాటి పేరు హెంజేరు. నొళంబ మహేంద్రుని కాలమున, శకవర్షము 815న, అనగా క్రీ.శ. 893న, తగడూరు జైనబసదికి జరిగిన దానమును తెలుపు స్తంభశాసనము పుట్టినది. ఇప్పటికి సంవత్సరము చేజిక్కినది. శాసనములు వేయించినవారు దినమును పేర్కొన్నప్పుడును వారి చింత వేరు: దానము పుణ్యకాలమున జరిగినదా, కాదా? అందుచేతనే దక్షిణదేశపు శాసనములను వరుసగా పరిశీలించువానికి ఉత్తరాయణ సంక్రాంతినాడును, సూర్యచంద్రగ్రహణములనాడును దానములు గుంపులు గుంపులుగా కనబడును. శతాబ్దముల యెడముతో ఇద్దరు రాజులు ఒకే సంక్రాంతినాడు భూదానము చేసిరనినచో అందు వింత లేదు. పుణ్యమునకు మంచి దినమని యెంచి ఇద్దరును దానినే కోరుకొనిరి.

ఈ సీమకు తేదీల చరిత్ర కుంఫిణీవారితో ఆరంభమైనది. 1792 మార్చి నెలలో శ్రీరంగపట్టణపు సంధివలన టిప్పు సుల్తాను చేతినుండి, ధర్మపురి చేరియున్న బారామహల్ ఆంగ్లేయులకు దక్కగా, మద్రాసు సివిలు ఉద్యోగులకు దేశభాషలు రావని యెంచిన కార్న్‌వాలిసు ప్రభువు, ఆ సీమ శిస్తు వ్యవహారమును కప్తాను అలెగ్జాండరు రీడు అను సైనికోద్యోగి కప్పగించెను. ఆయనకు సహాయులుగా వచ్చిన సైనికులలో తామస్ మన్రో యొకడు. మన్రో ధర్మపురియందు కాపురముండి, తోట పెంచుకొని, కచ్చేరి నడపి, 1799 వరకు ఏడేండ్లు గడపెను. దత్తమండలములలో ఆయనను ‘మన్రోలప్ప’ అని తలచుకొన్న మన రాయలసీమవారికి, ఆ దొర రైతులతో మాటలాడుట నేర్చిన పాఠశాల ధర్మపురి యని తెలియుట మంచిది. 1827 జులై 6న పత్తికొండలో విషూచివలన మరణించునప్పటికి ఆయన మద్రాసు గవర్నరు; ఆయన చేతివ్రాతకు మొదటి పలక మాత్రము బారామహలే.

రీడు చేసిన పని పైకి చప్పగా కనబడును కాని లోతైనది. పొలము పొలమును గొలుసుతో కొలిపించి, ఒక్కొక్కదానికి శిస్తు కట్టించి, 1796 డిసెంబరు 10వ తేదీన ఒక ప్రకటన వెలువరించెను. దాని సారమిది: రైతు తన శక్తికొలది భూమిని దున్నుకొనవచ్చును; శక్తికి మించినదానిని విడిచిపెట్టవచ్చును; తాను పట్టిన పొలమునకే శిస్తు చెల్లించవలెను; తన శ్రమచే పొలమును బాగుచేసికొనినందులకు శిస్తు పెరుగదు. భూమి కావలెననువాడు దరఖాస్తు పెట్టుకొనుట, వలదనువాడు రాజీనామా ఇచ్చుట, ఏటేట జమాబంది జరుగుట అను తతంగమంతయు ఈ బీజమునుండి పెరిగి, రైతువారీ యను పేర దక్షిణదేశమున శతాబ్దమునకు పైగా నిలిచినది. అందరును దానిని మెచ్చుకొనలేదు. వానలు తప్పిన యేట కాగితముమీది స్వేచ్ఛ రైతు కడుపు నింపలేదు. శిస్తు హెచ్చుగా నున్నచోట్ల పొలములు విడిచి పోయినవారును లేకపోలేదు. అయినను నడుమ గుత్తదారు లేకుండ రైతు పేరు సర్కారు పుస్తకములోనికి ఎక్కుట సామాన్యమైన మార్పు కాదు.

ఆ ప్రకటనకు సరిగా 82 ఏండ్లు నిండిన దినమున, 1878 డిసెంబరు 10న, అదే సీమలో హోసూరునకు సమీపమందలి తొరపల్లి గ్రామమున, చక్రవర్తి వెంకటార్యుని యింట రాజగోపాలాచారి, అనగా రాజాజీ, జన్మించెను. పత్రిక శీర్షికకు ఇంతకంటె రుచియైన విషయము దొరకదు. అంతటితో ఆగవలసిన పనియు లేదు: 1896 డిసెంబరు 10న ఆల్‌ఫ్రెడ్ నోబెలు మరణించెను, 1930లో అదే తేదీన చంద్రశేఖర వేంకటరామన్ స్టాక్‌హోమునందు ఆయన పేరి బహుమానమును అందుకొనెను, 1948లో అదే తేదీన ఐక్యరాజ్యసమితి పారిస్ నగరమున విశ్వమానవహక్కుల ప్రకటనను అంగీకరించెను. తొరపల్లిలో పుట్టిన శిశువునకు ఆనాటికి 70 ఏండ్లు నిండినవి. ఆయన భారతదేశపు గవర్నరు జనరలుగా ఢిల్లీలో నుండెను.

ఇందు ఏది యాదృచ్ఛికము, ఏది కాదు? నోబెలు బహుమానములను డిసెంబరు 10న ఇచ్చుట దాత వర్ధంతి యగుటచేత. అది ఎంచుకొన్న దినము. రీడు ప్రకటనకును రాజాజీ పుట్టుకకును తేదీ తప్ప వేరు బంధము లేదనిపించును. కాని తేదీని ప్రక్కకు త్రోసి చూచినచో నిజమైన బంధము బయటపడును. వెంకటార్యుడు తొరపల్లి గ్రామమునకు మునసబు. గ్రామపెద్దలను మునసబులుగా నియమించి చిన్న వ్యాజ్యములను వారిచేతనే తీర్పించు పద్ధతిని మద్రాసు రాజధానిలో నెలకొల్పిన 1816 నాటి చట్టములు మన్రో పట్టుదలవలన వచ్చినవి. మన్రో ఆ పట్టుదలను సంపాదించినది రీడు శిష్యరికమున, ఈ సీమలోనే. రాజాజీ పుట్టిన యింటికి జీవనాధారమైన ఉద్యోగము ధర్మపురి కచ్చేరిలో మొలకెత్తిన ఆలోచనకు దూరపు సంతానమన్నమాట. ఆ సంబంధమునకు డిసెంబరు 10తో పనిలేదు; శిశువు మార్చిలో పుట్టినను అది చెడెడిది కాదు.

ఇట్టిదే మరియొక తేదీ ధర్మపురికి దగ్గరనున్న పాప్పారపట్టియందు కలదు. చిదంబరం పిళ్లెతో కలసి తూత్తుకుడిలో స్వదేశీ గర్జన చేసిన సుబ్రహ్మణ్య శివకు 1908 జులై 7న తిరునెల్వేలి న్యాయస్థానము పదియేండ్ల ద్వీపాంతరవాసము విధించెను. పక్షము తిరిగినంతలో, జులై 22వ తేదీ రాత్రి, బొంబాయిలో జస్టిస్ దావరు బాలగంగాధర తిలకునకు ఆరేండ్ల శిక్ష వినిపించెను. తెల్లవారిన తిలకునకు 52 ఏండ్లు నిండును. శిక్ష తగ్గి 1912లో విడుదలయైన శివ చెరనుండి కుష్ఠువ్యాధితో వచ్చెను. ఆ వ్యాధి గలవారు రైలెక్కరాదని సర్కారు నిషేధింపగా, ఆయన పుండ్లకు గుడ్డలు చుట్టుకొని కాలినడకను ఊరూర తిరిగి ఉపన్యసించెను. తుదకు పాప్పారపట్టిలో భారతాశ్రమమును స్థాపించి, అచ్చట భారతమాతకు కోవెల కట్టవలెనని పూని, 1923లో చిత్తరంజన్ దాసుచే శంకుస్థాపన చేయించెను. కోవెల లేవకమునుపే 1925లో ఆయన అచ్చటనే తనువు చాలించెను. ఆ దినము జులై 23, తిలకు జన్మదినము. తమిళదేశమున తిలకు మార్గమును నమ్మినవారిలో అగ్రేసరుడు గురువు పుట్టిననాడే కన్నుమూయుట కాకతాళీయమే. చంద్రశేఖర ఆజాదు 1906లో అదే తేదీన పుట్టుటయు అట్టిదే. అయినను ఈ యొక్కచోట నా తర్కము కొంత మెత్తబడునని ఒప్పుకొనక తప్పదు. రైలు నిరాకరించిన సర్కారుకు కాళ్లతో సమాధానము చెప్పిన మనిషి విషయమున, కాలము పాటించిన మర్యాదను చూచి చూడనట్లు పోవుటకు మనసొప్పదు.

ఇక ఎంచుకొన్న దినములకు వత్తము. 1937 జులైలో రాజాజీ మద్రాసు రాజధానికి ప్రధానమంత్రియై, ఆ యేటి అక్టోబరు 1వ తేదీనుండి తన సొంత సేలము జిల్లాలో మద్యనిషేధమును ప్రవేశపెట్టెను. నాటి ధర్మపురి, కృష్ణగిరి, హోసూరు తాలూకాలు ఆ జిల్లాలోనివే. అక్టోబరు 2 గాంధీజయంతి కదా, ఒక్కదినము ఓపిక పట్టరాదా యని ఎవరైన అడుగవచ్చును. సమాధానము అబ్కారీ కచ్చేరిలో దొరకును. కల్లు సారాయి దుకాణముల గుత్త సంవత్సరము అక్టోబరు 1న మొదలై సెప్టెంబరు 30న ముగియును. పాత గుత్త తీరిన రాత్రియే దుకాణము మూయవలెను. ఒక్కదినమునకై క్రొత్త గుత్త పాడుట జరుగని పని. సర్కారు ఇట్టి విషయములలో మహాత్ముల జాతకములకంటె పద్దుపుస్తకమును ముందు చూచును. రైతు శిస్తుకు ఫసలీ సంవత్సరము జులై రెండవ వారమున మొదలగుచుండెను; దానిని 1855లో జులై 1కి జరిపిరి. కల్లుకు అక్టోబరు, శిస్తుకు జులై, మిగిలిన లెక్కలకు ఏప్రిల్: ఒకే సర్కారు ఏటికి మూడు సంవత్సరాదులు చేసికొనెను.

నిషేధము వచ్చిన పిదప తాటిచెట్టు, ఈతచెట్టు ఎక్కువారి బ్రతుకు చెట్టునుండి దిగలేదు కాని, ముంతకు సున్నము వచ్చినది. లోపల సున్నము పూసిన ముంతను గెలకు కట్టినచో రసము పులియక తీపిగానే యుండును. దానిని కాచి బెల్లము చేసికొనవచ్చును. సున్నము లేని ముంత కనబడినచో అది కల్లు ముంత, కట్టినవాడు నేరస్థుడు. ముంత అంచున తెల్లని పూత ఉన్నదా లేదా యని చెట్టుక్రింద నిలిచి మెడలెత్తి చూచుట ఆనాటి అధికారుల నిత్యకృత్యము. గీతవృత్తివాని దృష్టిలో రాజాజీ సంస్కరణమంతయు ఆ గుప్పెడు సున్నములోనే యుండెను. మరుసటి యేడు చిత్తూరు, కడప జిల్లాలకును, ఆ పై యేడు ఉత్తర ఆర్కాడుకును నిషేధము ప్రాకినది. తరిగిన రాబడిని పూడ్చుకొనుటకు 1939లో అమ్మకపు పన్ను పుట్టినది. నిషేధము తరువాత పలుమారులు వచ్చినది, పోయినది. పన్ను మాత్రము పోలేదు.

యుద్ధకాలమున సడలిన నిషేధము 1946నుండి మరల విడతలు విడతలుగా అమలయి, 1948 అక్టోబరు 2న రాజధాని యంతటను వ్యాపించెను. అప్పటి ప్రధానమంత్రి ఓమందూరు రామస్వామిరెడ్డి; తిండివనము ప్రాంతపు తెలుగు కుటుంబీకుడు. ఈసారి పద్దుపుస్తకము ఒక్కదినము ప్రక్కకు జరిగినది. కారణము వెదకనక్కరలేదు: గాంధీ హతుడైన పిదప వచ్చిన తొలి జయంతి అది. ఇట్లు అక్టోబరు 1కిని 2కిని నడుమ లెక్కకును భక్తికిని పెనుగులాట మన దేశమున నేటికిని సాగుచున్నది. ఆంధ్రప్రదేశమున దూబగుంట స్త్రీల ఉద్యమమువలన సారాయి నిషేధము 1993 అక్టోబరు 1న రాష్ట్రమంతట వచ్చినది. అది మరల గుత్తదారుల సంవత్సరాదియే.

అక్టోబరు 2 జయంతియైన పిమ్మట సర్కారులకు అది అక్షయపాత్ర యైనది. 1952లో సమాజ వికాస పథకము, 1959లో రాజస్థానమున నాగౌరునందు పంచాయతీరాజ్యము, 2019లో ఆంధ్రప్రదేశమున గ్రామసచివాలయములు, అన్నియు ఆ దినముననే ఆరంభమైనవి. గాంధీ మాత్రము తిథిని బట్టి భాద్రపద బహుళ ద్వాదశినాడు పుట్టినవాడు. గుజరాతునందు దానిని రాట్నపు ద్వాదశిగా, రెంటియా బారస్ అను పేర, నేటికిని జరుపుకొందురు. తద్దినములు తిథినిబట్టి పెట్టుకొను మనము జయంతులను తేదీనిబట్టి చేసికొనుటలో ఎవరికిని ఎబ్బెట్టు తోపలేదు. సెలవుల పట్టికకు తేదీయే సౌకర్యము.

1965 అక్టోబరు 2న సేలము జిల్లాను విభజించి ధర్మపురి జిల్లాను ఏర్పరచిరి. మద్రాసులో భక్తవత్సలము ముఖ్యమంత్రి, ఢిల్లీలో అదే తేదీన 1904లో పుట్టిన లాల్‌బహదూరు శాస్త్రి ప్రధానమంత్రి, కామరాజు కాంగ్రెసు అధ్యక్షుడు. పాకిస్తానుతో యుద్ధము ఆగి పదిదినములు మాత్రమే గడచినవి. కాంగ్రెసు ప్రభుత్వము ఆ దినమును కనులు మూసికొని పట్టెనని ఎవ్వరు నమ్ముదురు? ముచ్చటయైన సంగతి యేమనగా ఆ దినము శనివారము, అందును గాంధీజయంతి సెలవు, మరునాడు ఆదివారము, శరన్నవరాత్రులు నడచుచుండుటచే ఆ వెంటనే ఆయుధపూజయు విజయదశమియు. పరిపాలన సౌకర్యమునకై పుట్టిన జిల్లా సెలవుల వరుసలో కన్ను తెరచినది. గాంధీ పుట్టిన 1869 అక్టోబరు 2 శనివారము. నిషేధము వ్యాపించిన 1948 అక్టోబరు 2 శనివారము. జిల్లా ఏర్పడిన దినమును శనివారమే. దీనినిబట్టి ఏదైన తత్త్వము చెప్పదలచినవారు చెప్పుకొనవచ్చును; ఏడింట ఒకటి చొప్పున ఇట్టివి దొరకుచునే యుండును.

తొరపల్లి ఈ క్రొత్త జిల్లాలోనికి వచ్చినది. 86 ఏండ్ల రాజాజీ అప్పటికి కాంగ్రెసునకు బద్ధవిరోధి. మన ఆచార్య రంగాతో కలసి 1959లో స్వతంత్రపక్షమును స్థాపించి, కామరాజును నిద్రపోనీయకుండుటే నిత్యకృత్యముగా పెట్టుకొన్నవాడు. ఆ వృద్ధుని జన్మస్థలము గల జిల్లాకు ఆయన గురువైన గాంధీ పుట్టినదినమును జన్మదినముగా చేసినవారు ఆయన ప్రత్యర్థులు. 1971లో తమిళనాడు ప్రభుత్వము నిషేధమును ఎత్తివేయగా రాజాజీ చూడవలసివచ్చెను. 1972 డిసెంబరు 25న గతించెను. కామరాజు 1975లో మరణించిన దినము అక్టోబరు 2. దానిని ఎవ్వరును ఎంచుకొనలేదు. అదే తేదీన 1906లో రాజా రవివర్మయు మరణించెను; ఆ రెండు మరణములను కలుపు దారము నాకు కనబడదు.

2004 ఫిబ్రవరి 9న ధర్మపురి జిల్లాను మరల చీల్చి కృష్ణగిరి జిల్లాను వేరుచేసిరి. ఆ తేదీకి ఏ మహాత్ముని జయంతియు తోడుగా లేదు. అది సర్కారు ఉత్తరువు అమలునకు వచ్చిన దినము మాత్రమే. విభజనలో హోసూరు, దానితో తొరపల్లి, అందలి రాజాజీ జన్మగృహము కృష్ణగిరికి పోయినవి. పాప్పారపట్టి ధర్మపురికి మిగిలినది. కావున డిసెంబరు 10నాడు పూలదండలు ఇప్పుడు పొరుగు జిల్లాలో పడుచున్నవి; జులై 23నాటివి ఇచ్చటనే.